అవతలి నారాయణమ్మ

జూన్ 24

ఇవాళ ఒక కాగితం మీద సంతకం పెట్టాను. ఇంగ్లీషులో ఉంది. నన్ను పనికి పిలిచిన పిల్ల మెర్సీ చదివి చెప్పింది. షెడ్డులో చూసింది షెడ్డులోనే వదిలి రావాలట. బయట ఎవరికీ చెప్పకూడదు, ఇంట్లో ఆడమనిషికి కూడా. డెబ్బై రెండేళ్ళొచ్చాక నా నోటికి తాళం పడింది. పొందూరులో అప్పలసూరి ఇల్లెక్కడ అంటే పది మంది తెల్లమొహం వేస్తారు గానీ, కబుర్ల తాత ఇల్లు అంటే బస్సు కండక్టరు కూడా చెయ్యెత్తి చూపిస్తాడు. అలాంటివాణ్ణి పట్టుకుని చెప్పొద్దంటే అన్నం ఎలా అరుగుతుంది?

చెప్పకూడదని ఉంది గానీ రాయకూడదని లేదు. రెండుసార్లు చదివించుకుని మరీ ఖాయం చేసుకున్నాను. అందుకే ఈ డైరీ. జనవరిలో ఎరువుల కొట్టువాడు ఇచ్చాడు. ఇన్నాళ్ళూ కిటికీ రెక్క కొట్టుకోకుండా అడ్డం పెట్టుకున్నాం. ఎవరి కోసమని అడిగితే, ఎవరి కోసమూ కాదు. వినేవాడు లేకుండా నా కబురు నిలబడుతుందో లేదో నేనే చూడాలి.

జూన్ 27

నేను అచ్చు అతికేవాణ్ణి. మగ్గం మీద పడుగు అయిపోవచ్చినప్పుడు పాత పోగుల కొసలకి కొత్త పోగుల కొసలు ఒక్కొక్కటీ మెలిపెట్టి కలపాలి. చీరకి రెండు వేల పైమాటే. వేళ్ళకి బూడిద రాసుకుని బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య ఒక్క తిప్పు తిప్పితే రెండు పోగులు ఒకటవుతాయి. ముడి కాదు, మెలి. నాది ఎడమచేతి వాటం కాబట్టి నా మెలి అందరి మెలికీ ఎదురు తిరుగుతుంది. చిన్నప్పుడు మా నాన్న ఇందుకే వేళ్ళ మీద కొట్టేవాడు. నా అతుకు ఊడదని తెలిశాక కొట్టడం మానేశాడు. ఇప్పటికీ ఏ బట్టలో చూసినా ఇది అప్పలసూరిది అని నేతగాళ్ళు చెప్పేస్తారు.

ఆ మాట ఏసుదానం మాష్టారి కూతురు మెర్సీ చెవిన పడింది. శ్రీకాకుళంలో పుట్టి, ఎక్కడెక్కడో చదివి, ఎచ్చెర్ల దాటాక మూతపడ్డ జూట్ మిల్లు షెడ్డులో ఒక యంత్రం పెట్టుకుంది. దాని పేరు బారెడుంది. నేను జోడుమగ్గం అంటున్నాను. ఆ పిల్ల నాలుగు రోజులు చెప్పింది, నాకు ఎక్కింది ఇంతే: మన లోకం పక్కన ఇంకో లోకం, దాని పక్కన ఇంకోటి, అలా లెక్కలేనన్ని. అన్నీ ఒక్కలాగే ఉంటాయి, ఎక్కడో ఒక పోగు తేడా. ఈ యంత్రం ఆ పోగుల్ని గాజుబల్ల మీద వెలుగు గీతల్లా చూపిస్తుంది. ఇక్కడిదీ అక్కడిదీ తెంపి, మార్చి అతికితే, ఇక్కడ జరిగింది అక్కడికి పోతుంది, అక్కడిది ఇక్కడికి వస్తుంది. తెంపడం కంప్యూటరుకి వచ్చింది. అతకడం రాలేదు. వేసినది వేసినట్టే వారంలో ఊడిపోతోందట. నరాలు కుట్టే డాక్టరుని తెచ్చారు, కళింగపట్నం నుంచి వలలు అల్లేవాణ్ణి తెచ్చారు. ముడి వేస్తే పోగు చచ్చిపోతోంది. చివరికి నన్ను తెచ్చారు.

నేను బడికి వెళ్ళలేదు. పత్తి చుట్టిన పేపర్లు చూసి అక్షరాలు నేర్చుకున్నాను. తరవాత ఎవరో పారేసిన విజ్ఞాన సర్వస్వం మొదటి సంపుటం దొరికితే అట్ట నుంచి అట్ట దాకా నాలుగుసార్లు చదివాను. అ నుంచి ఔ దాకా ప్రపంచంలో నాకు తెలియనిది లేదు. అణువు తెలుసు, ఆకాశం తెలుసు, ఉల్క తెలుసు. క దగ్గర నుంచి అంతా అనుమానమే. మిగతా సంపుటాలు దొరికి ఉంటే ఈ యంత్రం నేనే కనిపెట్టేవాణ్ణని మెర్సీతో అన్నాను. నవ్వింది.

అది నిజంగా దారమేనా అని కూడా అడిగాను.

“కాదు తాతా. మీ వేళ్ళకి మాత్రం ఆ సంగతి చెప్పకండి.”

వేళ్ళకి పల్చటి తొడుగులు ఇచ్చారు. బూడిద లేకపోతే నా వల్ల కాదన్నాను. తొడుగుల మీదే రాసుకోనిచ్చారు.

జూలై 2

టీ గ్లాసు పగలగొట్టారు, పరీక్షకి. నేను పోగు అతికాను. బల్ల మీద పెంకులు లేవు, గ్లాసు గ్లాసులాగే ఉంది. అందరూ చప్పట్లు కొట్టారు. నాకు చప్పట్లు కొట్టబుద్ధి కాలేదు. మరి అవతల? అక్కడ బాగున్న గ్లాసు చూస్తుండగానే పగిలి ఉంటుంది. ఏదీ మాయమవదు తాతా, అవతలికి పోతుందంతే అంది మెర్సీ. అక్కడ పాపం ఏ పిల్లి మీదో పెట్టి దాన్ని కొట్టి ఉంటారు.

మా అత్త ఇంట్లో ఒక కంచుగిన్నె ఉండేది. ఎవరూ ముట్టకుండానే ఒకనాడు పగులిచ్చింది. ఆ పగులు మా మావ మీద పెట్టి మూడు నెలలు మాట్లాడలేదు అత్త. ఇప్పుడు మావ లేడు, చెప్పుకుందామంటే.

జూలై 5

అరవై అతికాను. అరవయ్యీ నిలిచాయి.

జూలై 11

నారాయణమ్మ ఇవాళ పత్తి డబ్బా తీసి ఎండలో పెట్టింది. అందులో వాలుగ చేప దవడ ఎముక ఉంది. మా ఊళ్ళో ఆడవాళ్ళు దాని పళ్ళతోనే పత్తి దువ్వుతారు, చెత్తంతా పోయి నురగలా వస్తుంది. వంద నెంబరు నూలు తీసేది మా ఆవిడ. వెలుతురుకి అడ్డం పెడితే తప్ప కనపడేది కాదు ఆ పోగు. అంత సన్నం తీసేవాళ్ళు ఊరు మొత్తానికి ముగ్గురు.

పందొమ్మిదేళ్ళయింది ఆ కుడిచెయ్యి పోయి. మోపెడ్ మీద వెనకాల కూర్చోబెట్టుకుని చిలకపాలెం నుంచి వస్తున్నాను, కుక్క అడ్డొచ్చింది, కల్వర్టు గోడకి కొట్టాం. నాకు మోకాలు గీరుకుంది. ఆవిడకి మణికట్టు దగ్గర నరాలు తెగిపోయాయి. వేళ్ళు ముడుచుకుని అలాగే ఉండిపోయాయి.

కుక్క అడ్డొస్తే ఎవడైనా ఏం చేస్తాడు?

జూలై 12

తెల్ల కుక్క.

జూలై 13

మేక కూడా అయి ఉండొచ్చు. ఆ దారిలో మేకలు ఎక్కువ.

జూలై 20

మెర్సీని అడిగేశాను. ఆ రోజు పోగు ఒక్కసారి చూపించమని. మనుషుల జోలికి వెళ్ళకూడదని రూలు ఉందంది. వెళ్ళడం వద్దు, చూడటానికి రూలుందా అన్నాను. కాసేపు పెన్ను మూత తీస్తూ పెడుతూ కూర్చుంది. చూడ్డానికి ఇంకా రాయలేదంది. తన పోగు తను చూసుకుందని నాకు అప్పుడే అర్థమైంది. ఏం చూసిందో నేను అడగలేదు. ఇంత మాట్లాడే నాకూ అడగకూడనివి కొన్ని ఉన్నాయి.

అందరూ భోజనాలకి వెళ్ళాక ఆ ఏడు, ఆ నెల, ఆ మధ్యాహ్నం గాజుబల్ల మీదకి తెచ్చింది. మా పోగు పక్కన అవతలి పోగు. రెండూ కలిసి నడుస్తూ కల్వర్టు దగ్గర ఒకదాని మీదుగా ఒకటి దాటాయి. దాటిన చోట అతుకు ఉంది.

ఎదురు మెలి.

మెర్సీ నా వేళ్ళ వంక చూసింది. “తాతా, ఇది మీదే కదేటి?” అంది. ఆ పిల్ల కంగారులో తప్ప మా మాట మాట్లాడదు.

నేను కాదు. నేను మనుషుల పోగు ముట్టలేదు. కానీ ఆ అతుకు నాదే. నా సంతకం నాకు తెలియదా?

జూలై 21

మెర్సీ విడమర్చి చెప్పింది. అవతలి లోకంలోనూ ఒక షెడ్డు ఉంది, ఒక గాజుబల్ల ఉంది, ఒక అప్పలసూరి ఉన్నాడు. ముందు దెబ్బ తగిలింది వాళ్ళకి. వాడు కూర్చుని ఆ దెబ్బని మనవైపు మార్చేశాడు. వాళ్ళ నారాయణమ్మ చెయ్యి బాగైంది, మా నారాయణమ్మది పోయింది. కట్టేటప్పుడు ఎంత వెనకటి రోజుకైనా కట్టొచ్చట. అలా వెనక్కి కడితే కట్టిన చేతికి మాత్రం గుర్తుంటుంది, ఇంకెవరికీ తెలియదు.

జూలై 22

కుక్కా కాదు, మేకా కాదు, నేనూ కాదు. వాడు.

వాడి చేతులు పడిపోను. పందొమ్మిదేళ్ళుగా ఆవిడ ఎడమచేత్తో అన్నం కలుపుకుంటుంటే గోడ వైపు తిరిగి తిన్నాను నేను. వాడు ఎదురుగా కూర్చుని తిని ఉంటాడు.

“ఏటి బావా, ఈయాల రెండు ముద్దలు ఎక్కువ తిన్నావు?” అంది నారాయణమ్మ. ఆకలేసిందన్నాను. వాన రాబోతోందేమో అని ఆకాశం వంక చూసింది.

జూలై 29

అతుకు జారుతోంది.

మెర్సీ వారం నుంచి కొలుస్తోందట. వాడు తడబడుతూ వేసినట్టున్నాడు, మెలి చాలలేదు. ఆగస్టు పదహారో పదిహేడో దానంతటదే ఊడిపోతుంది. కట్టడం వెనకటి రోజుకి కట్టొచ్చు గానీ, ఊడితే మాత్రం ఊడిన రోజునే ఊడుతుంది. అంటే వచ్చే నెలలో ఒక పొద్దున్న మా నారాయణమ్మ లేచేసరికి చెయ్యి విచ్చుకుంటుంది. అక్కడావిడది ముడుచుకుంటుంది. మళ్ళీ మెలేస్తే ఎక్కడివక్కడే ఉండిపోతాయి.

పైవాళ్ళకి రాయమంటారా అంది మెర్సీ. రాస్తే కమిటీ వేస్తారు, కమిటీ టీ తాగేలోపు ఊడిపోతుంది అన్నాను. అయితే మీ ఇష్టం తాతా, అరగంట బల్ల మీకు వదిలేస్తాను, చేస్తే చెయ్యండి లేకపోతే లేదు అంది.

నేనేం చెయ్యను. ఊరికే కూర్చుంటాను. వాడి సొమ్ము వాడికి పోతుంది. చెయ్యకపోవడం తప్పెలా అవుతుంది?

జూలై 30

ఎలా అవుతుంది?

ఆగస్టు 3

రాట్నం అటక మీంచి దింపాను. కదురు తుడిచి నూనె వేశాను. చక్రానికి ఒక ఆకు విరిగిపోతే కొత్తది తొడిగాను. కొండపత్తి కొంచెం తెచ్చాను. ఎవులికి ఇదంతా అని అడిగింది. ఎవరో చూడ్డానికి వస్తున్నారు, ఫొటో తీసుకుంటారట అన్నాను. కాసేపటికి చూస్తే పీట వేసుకుని రాట్నం ముందు కూర్చుంది. ఎడమచేత్తో చక్రాన్ని మెల్లగా తిప్పి, చప్పుడు విని, ఆపేసి లేచిపోయింది.

ఆగస్టు 6

మెర్సీని ఇంకో మాట అడిగాను. అడగకపోతే బాగుండేది. ఆ మధ్యాహ్నం అవతలివాడు ఏం చేశాడు, నేనేం చేశాను అని. దెబ్బ ఒక్కటే మారిందట. అంతకు ముందుది మారలేదు, రెండు పోగుల్లోనూ ఒక్కలాగే ఉంది. కల్వర్టు ముందు ఇద్దరమూ ఒకే చోట పక్కకి లాగేశాం. వాడు గుద్దుకున్నాడు, నాకు వెంట్రుకవాసిలో తప్పిపోయింది. నాకు తప్పిపోయినదాన్ని వాడు నాకే పంపించాడు.

రాసేస్తాను. ఇక్కడ చదివేవాడు లేడు.

కుక్క లేదు. రోడ్డు ఖాళీగా ఉంది. నేను కథ చెబుతున్నాను. రామతీర్థం కొండెక్కుతూ మా మావ చెప్పు పోగొట్టుకుని, దాని కోసం దిగి రెండోది కూడా పోగొట్టుకున్న కథ. రెండో చెప్పు పోయే చోటుకి వచ్చాను. నవ్వాల్సిన చోటు అదే. నారాయణమ్మ నవ్విందో లేదో చూద్దామని వెనక్కి తిరిగాను.

వాడూ తిరిగాడు. ఎన్ని లోకాలున్నాయో, అన్నిట్లోనూ తిరిగే ఉంటాను.

ఆగస్టు 9

చెప్పేశాను. సంతకం సంగతి దేవుడు చూసుకుంటాడు.

మధ్యాహ్నం వసారాలో కూర్చుని చింతపండు గింజ తీస్తోంది, పళ్ళెం కాళ్ళ మధ్య పెట్టుకుని, ఎడమచేత్తో. ఎదురుగా కూర్చున్నాను. షెడ్డు దగ్గర మొదలుపెట్టి గాజుబల్ల, టీ గ్లాసు, ఎదురు మెలి, అన్నీ వరసలో చెప్పాను. నా జీవితంలో ఒక్క పక్కదారి పట్టకుండా చెప్పిన కథ ఇదొక్కటే. గింజలు తీస్తూనే ఉంది. కుక్క సంగతి దగ్గరకి వచ్చి ఆగాను. ఇంకో మాట ఉంది అన్నాను. ఆ రోజు కుక్క అడ్డు రాలేదు అన్నాను.

“కుక్క నేదని నాకు తెల్దేటి బావా? ఎనకాల కూకున్నది నానే కదా.”

పందొమ్మిదేళ్ళు. చుట్టాలొచ్చినప్పుడల్లా ఆ కుక్కని తెచ్చాను. ఒకసారి దానికి మచ్చలు పెట్టాను, ఒకసారి కుంటిదాన్ని చేశాను. ఆవిడ పక్కనే కూర్చుని వింది. మరి ఎందుకు ఊరుకున్నావంటే పళ్ళెం పక్కన పెట్టింది.

“నీకా కుక్క కావాల. ఉంచీసినాను.”

ఒళ్ళో పడ్డ గింజలు ఏరి పళ్ళెంలో వేసింది. తరవాత ఆవిడే అడిగింది, అక్కడ నాను ఇప్పుడేటి సేస్తన్నాను అని. మనుషులు కనపడరు, పోగు అదురు మాత్రం తెలుస్తుంది అన్నాను. ఆ అదురు నాకు బాగా తెలుసు, ముప్ఫై ఏళ్ళు పక్క గదిలోంచి విన్నాను.

“వడుకుతున్నావు.”

“ఎన్నో నెంబరు?”

అంతవరకు నాకు తెలియదు. వంద ఉండొచ్చన్నాను. “పందొమ్మిదేళ్ళు ఆపకుండా వడికితే వందేటి,” అంది. “నూటిరవైకి ఎల్లుంటాది.” కోపమో గర్వమో నాకు అర్థం కాలేదు. మళ్ళీ పళ్ళెం దగ్గరకి లాక్కుంది.

ఆగస్టు 10

ఎడమచేత్తోనే చింతపండు జాడీలోకి ఎత్తింది. నేను ఆ మాట కదపలేదు.

ఆగస్టు 11

పొద్దున్న బట్టలు ఆరేస్తూ పిలిచింది. ఒక చివర పంటితో పట్టుకుని ఎడమచేత్తో దులిపి తీగ మీద వేస్తుంది. నేను ఇస్తానన్నా ఇవ్వనివ్వదు.

“ఆ మొదటి ఏడు నీకు గుర్తున్నాదా?” అంది.

గుర్తుంది. జాకెట్టు గుండీ పెట్టుకోలేక గది తలుపు వేసుకుని ఏడ్చేది. జడ నేను వేసేవాణ్ణి, తాడు పేనినట్టుండేది. ముగ్గు పెట్టబోయి డబ్బా విసిరికొట్టింది. వీధిలో ఎవరైనా పలకరిస్తే చెయ్యి కొంగు చాటుకి పోయేది.

“నాకప్పుడు నలబైయేడు. నేర్సీసుకున్నాను. దానికిప్పుడు అరవయ్యారు. ఇప్పుడెక్కడ నేర్సుకుంటాది? వద్దు బావా. ఎల్లి కట్టీసిరా.”

వాళ్ళే కదా మన మీదకి నెట్టారు అన్నాను.

“నెట్టింది ఆడు. అదేటి సేసింది?”

చెయ్యి నీది నీకు వస్తుందే, ఇంకెప్పుడూ రాదు అన్నాను. పంటితో ఇంకో బట్ట అందుకుంది.

ఆగస్టు 13

రేపు కడతానని మెర్సీకి ఫోన్ చేశాను. పెట్టేసి వెనక్కి తిరిగితే నారాయణమ్మ గుమ్మంలో నిలబడి ఉంది.

“ఒక్క రోజు ఒదిలి, మర్నాడు కడితే అవదేటి?”

నేను ఆవిడ మొహం వైపు చూడలేదు. చెయ్యి వైపు చూశాను.

“ఒక్క రోజే. ఒక్క సిలప తీసి సూసుకుంటాను. ఆయమ్మ ఒక్క రోజు నిబ్బరించుకోలేదా?”

సిలప అంటే ఒక చుట్ట నూలు, పొద్దుటి నుంచి సాయంత్రానికి అవుతుంది. మళ్ళీ మెర్సీకి ఫోన్ చేశాను. ఊడితే మళ్ళీ దొరకదట. కొసలు ఏ లోకంలోకి పోతాయో చెప్పలేమట. ఈవిడకి చెప్పాను.

పోన్లే అంది. రాట్నం మీద పాత దుప్పటి కప్పింది, నాలుగు మూలలూ దోపింది.

ఆగస్టు 14

కట్టేశాను.

అరగంట ఇస్తానన్న మెర్సీ తలుపు దగ్గరే నిలబడిపోయింది, అటు తిరిగి. బూడిద రాసుకుని కొస పట్టుకున్నాను. ఇన్ని లక్షల పోగులు పట్టాను గానీ ఇలాంటిది పట్టలేదు. అవతలి నుంచి బిగువుగా ఉంది. నేను లాగితే లాగుతోంది, వదిలితే ఆగుతోంది. వాడే. జారిపోతోందని వాడికీ తెలిసింది. మళ్ళీ మెలేద్దామంటే కొస ఇటువైపు ఉండిపోయింది, వాడికి అందదు. ఎన్ని రోజుల నుంచి అలా పట్టుకుని కూర్చున్నాడో. అన్నం తిన్నాడో లేదో.

వాణ్ణి తిట్టడానికి ఇరవై రోజులుగా మాటలు పోగేసుకున్నాను. కొన్ని చాలా బాగా కుదిరాయి కూడా. ఒక్కటీ గుర్తు రాలేదు. నాకంటే ముందు వాడికి అవకాశం వచ్చింది, అంతే కదా. నాకే ముందు వచ్చి ఉంటే ఈ సరికి నేనే అక్కడ కూర్చుని లాగుతూ ఉండేవాణ్ణి.

మూడు తిప్పులు తిప్పాను, ఒక్కటి చాలేదానికి. మెలి పడగానే అవతలి బిగువు ఒక్కసారి వదిలింది. చెయ్యి తీశాడు.

ఆటోలో ఇంటికి వచ్చేసరికి నారాయణమ్మ వీధి అరుగు మీద ఉంది. అయిపోయిందన్నాను. తల ఊపింది. నీళ్ళు తెచ్చి ఇచ్చింది. పక్కన కూర్చుని, ఆడు అక్కడ దానికి సెప్పుంటాడా అని అడిగింది. ఎలా తెలుస్తుంది అన్నాను.

“సెప్పుండడు,” అంది. “ఆ దెబ్బ ఏ కుక్క వల్ల తప్పిందో కథలు సెప్తుంటాడు.”

నాకు నవ్వు వచ్చింది. ఆవిడకీ వచ్చింది. ఆవిడ నవ్వడం ఎదురుగా కూర్చుని చూశాను.